ఉదయ్‌కుమార్‌కి సస్పెన్స్ నేర్పినోడు

"డైరెక్టర్ ఉదయ్‌కుమార్‌ని మొట్టమొదట సంద్రం మీదికి తీసుకెల్లింది ఎవులనుకుంటన్నారు? నానే!"

సీతాలు టీ బడ్డీ ముందు బెంచీ మీద తాతబాబు కాలు మీద కాలేసుకున్నాడంటే ఇక గంటదాకా దించడని జాలరిపేటలో అందరికీ తెలుసు. పడవలు ఒడ్డుకొచ్చేశాయి. చేపల వేలంపాట అయిపోయింది. వలలు ఇసకలో ఆరుతున్నాయి. ఎదురుగా రోడ్డు పక్క స్తంభానికి ఎవరో ఫ్లెక్సీ కట్టి వెళ్ళారు. దాని మీద సస్పెన్స్ సినిమాల డైరెక్టర్ ఉదయ్‌కుమార్ ముఖం, నిలువెత్తున. ఈ ఊరివాడే. ముప్పై ఏళ్ళలో పదకొండు సినిమాలు తీస్తే పదకొండింటికీ జనం గోళ్ళు కొరుక్కుంటూ బయటికొచ్చారు. ఈ సాయంత్రం ద్వారకా నగర్‌లో ఆయనకి సన్మానం. ఆ ఫ్లెక్సీ చూడగానే తాతబాబుకి పూనకం వచ్చేసింది.

వినేవాళ్ళు ముగ్గురు. పాత ఊళ్ళో టైలర్ షాపున్న గఫూర్, వారానికోసారి చేపలకొచ్చి ఇక్కడ టీ తాగందే వెళ్ళడు. వీక్లీ ఆఫ్ దొరికితే ఉక్కునగరం నుంచి బండేసుకుని వచ్చే సింహాద్రి, స్టీల్ ప్లాంటులో పని. మూడో మనిషి సీతాలు. బడ్డీ ఆవిడదే. ఆ మాటకొస్తే తాతబాబూ ఆవిడవాడే.

"ముప్పై ఏళ్ళ కిందటి మాట. నాను ఇక్కడే వల బాగుసేసుకుంటన్నాను. బక్కగా, కళ్ళజోడెట్టుకుని ఒకాయన ఒచ్చినాడు. ద్వారకా నగర్ కోచింగ్ సెంటర్లో లెక్కలు సెప్తన్నానన్నాడు. తెప్పెక్కించుకుంటావా, సంద్రంలోంచి ఒడ్డు ఎలాగ కనపడతాదో సూడాల అన్నాడు. సరే రండి బాబూ అన్నాను. రెండు అలలు దాటీసరికి పొద్దున తిన్న ఇడ్లీలన్నీ సేపలకి పెట్టేసినాడు."

గఫూర్ నవ్వాడు. "ఇంతవరకూ నమ్మొచ్చు తాతబాబు భాయ్."

"అసలు కథ ఇంకా ఎక్కడ మొదలైందీ! ఆ తర్వాత ఏటైందో తెల్సా?"

అప్పుడే స్కూటీ ఆపి ఒకమ్మాయి బడ్డీ దగ్గరికొచ్చింది. భుజాన సంచి, ఎండకి కమిలిన ముఖం. టీ చెప్పి, "నా పేరు చంద్రికండీ. ఉదయ్‌కుమార్ గారి దగ్గర అసిస్టెంట్ డైరెక్టర్‌ని. సార్ కొత్త సినిమా కోసం ఇక్కడ ఒక మనిషిని వెతుకుతున్నాను. నాలుగు రోజుల్నుంచి..." అంది.

తాతబాబు బెంచీ మీంచి లేచి నిలబడిపోయాడు. "సూసినారా! సూసినారా! నాను సెప్పలేదూ? కబురెట్టినాడు! కూకోమ్మా, కూకో. సీతాలూ, అమ్మకి అల్లం దంచి టీ ఎయ్యి. నీకు కావాల్సిన మనిషి నీ ఎదురుగానే ఉన్నాడు. నువ్వు కూడా ఇను, మీ సారు ఇయ్యన్నీ నీకు సెప్పుండడు."

"అది కాదండీ, నేను అడిగేది..."

తాతబాబు మళ్ళీ బెంచీ మీద కూచుని కాలు మీద కాలేసుకున్నాడు. "అడుగుదువులే! ముందిను. తెప్ప మీద గెడ్డం పట్టుకుని కూకున్నాడు మీ సారు. ఏటి బాబూ అన్నాను. 'నా దగ్గర కథుంది తాతబాబూ, జనాన్ని కుర్చీలో కూకోబెట్టే కిటుకే లేదు' అన్నాడు. నాను వల తాడు ఆయన సేతికిచ్చి లాగమన్నాను. బరువుగా ఉందా? ఉంది. లోనేటుందో తెల్సా? తెలీదు. 'అందుకే లాగతన్నారు బాబూ. ముందే తెలిసిపోతే ఒగ్గేసి ఇంటికెలిపోదురు. సేపుందని సెప్పకండి, లేదనీ సెప్పకండి, తాడు మాత్రం బరువుగా ఉంచండి' అన్నాను. అంతే! తెప్ప మీదే లేసి ఎగిరినాడు, ఎగిరి సంద్రంలో పడిపోయినాడు, నాను జుట్టు పట్టుకుని పైకి లాగినాను. నెత్తి మీద ఆ జాగాలో ఈయేల్టికీ జుట్టు పలచగా ఉంటాది. కావాలంటే ఫ్లెక్సీ సూడండి!"

అందరూ తలెత్తి ఫ్లెక్సీ చూశారు. నిజంగానే పలచగా ఉంది.

"మొదటి సినిమా 'పదమూడో జెట్టీ'. ఆర్నెల్లాడింది. ఇంటర్వెల్లో సమోసా కొనుక్కున్నోళ్ళు భయానికి తినడం మర్సిపోయి, మర్నాడు ఆటకి అదే సమోసాతో ఒచ్చీవోరు."

చంద్రిక చటుక్కున అందుకుంది. "నేను అడగాల్సింది ఆ సినిమా గురించేనండీ. అందులో మొదట్లో..."

"మొదట్లో ఏటుంది తల్లీ, అసలు సంగతంతా రెండో సినిమాలో ఉంటేనీ!" తాతబాబు టీ గ్లాసు ఎత్తి గాల్లో బస్సు తోలినట్టు తిప్పాడు. "'ఆరో సీటు'. సూసినారు కదా? ఆర్టీసీ కాంప్లెక్సులో బస్సు బయల్దేరతాది, లోన నలభై మంది, స్టీరింగు దగ్గర ఎవులూ ఉండరు. డ్రైవర్ లేకుండా బస్సు గాజువాక దాకా ఎల్లిపోతాది. ఎలాగ తీసినారు?"

"కంప్యూటర్‌లో చేసుంటారు," అన్నాడు సింహాద్రి.

"కంప్యూటరేటి బావా! అప్పుడు కంప్యూటర్ ఎక్కడిది! డైరెక్టర్ గారు తల పట్టుకుని నా కాడికొచ్చినాడు. 'డ్రైవర్ కనబడకూడదు తాతబాబూ, బస్సు మాత్రం కదలాల.' నానేటన్నానంటే, బాబూ, తెప్పకి స్టీరింగుంటాదా? లేదు. మరెలాగ ఎల్తాదీ? తెడ్డుతో! బస్సు అడుగున ఒక సెక్క ఊడదీయించినాను. బోర్లా తొంగుని, ఆ కంతలోంచి తెడ్డు దింపి, తారు రోడ్డు మీద ఏసినాను తెడ్డు! ఎడం పక్క ఒక పోటు, కుడి పక్క ఒక పోటు. బస్సు పడవలాగ పోయింది! ఎన్ఎడి జంక్షన్ కాడ ఆటోలన్నీ పక్కకి తప్పుకున్నాయి. ఒక పోలీసాయన ఆపి లైసెన్సు అడిగినాడు. పడవ లైసెన్సు సూపిస్తే సెల్యూట్ కొట్టి, 'పోటు మీదున్నావు, ఎల్లు' అన్నాడు."

సీతాలు టీ వడపోస్తూనే అంది, "ఆ తెడ్డు అరిగిపోలేదేటి మావా?"

"అరిగింది! ఎక్కినప్పుడు పన్నెండడుగులు. దిగీసరికి నా సేతిలో మిగిలింది పప్పు గుత్తి!"

సింహాద్రి పొట్ట పట్టుకున్నాడు. చంద్రిక కూడా నవ్వింది. మళ్ళీ గుర్తొచ్చినట్టు సంచిలోంచి ఫోన్ తీసి, "ఒక్క ఫొటో చూపిస్తానండీ, అంతే..." అంది.

"ఫొటోలు తర్వాత! మూడో సినిమా కాడ అసలు ప్రమాదం జరిగింది కాదేటి. 'నాలుగో షిఫ్టు'."

"బావా, మా ప్లాంటులో ఉన్నవే మూడు షిఫ్టులు," అన్నాడు సింహాద్రి.

"మరదే కదా సస్పెన్సు! లేని షిఫ్టులో డ్యూటీకి ఎల్లినోడు ఏటైపోయాడూ అని! అందులో హీరోయిన్ ముఖం మీద ఎర్రటి ఎలుగు పడాల. లైట్లు తెచ్చినారు, డైరెక్టర్ గారికి నచ్చలేదు. 'కరిగిన ఇనుము ఎలుగే కావాల తాతబాబూ' అన్నాడు. లోపలికెల్దామంటే పాసు లేదు. ఏటి సెయ్యాల? సీతాలు పుట్టింటి నుంచి తెచ్చుకున్న ఇత్తడి పళ్ళెం ఉంది కదా, అది చంకనెట్టుకుని యారాడ కొండ ఎక్కినాను. అక్కడ్నించి ప్లాంటు కేసి పళ్ళెం తిప్పి పట్టుకున్నాను. ఫర్నేసులోంచి ఇనుము దిగింది సూడు, ఆ ఎలుగు ఒచ్చి పళ్ళెంలో పడింది! పళ్ళెంలో పట్టి, పాయసం ఒంపినట్టు హీరోయిన్ ముఖం మీద ఒంపినాను! నాలుగు మైళ్ళ అవతల, బీచిలో ఉందావిడ. ముక్కు మీద పడాల్సింది కూసింత పక్కకి పోయి చెవి కాలింది. ఏమీ అనుకోలేదు, మంచి మనిషి."

"ఓలమ్మా, నా పళ్ళెం ఏటయిందనుకున్నాను ఇన్నాళ్ళూ," అంది సీతాలు.

"కరిగిపోయింది!"

"మొన్నే కదా అందులో మెత్తళ్ళ సేపలు ఆరబోసినాను."

"అది దాని చెల్లెలు," అన్నాడు తాతబాబు తడుముకోకుండా. "ఇను, ఇను గఫూర్ భాయ్, ఇప్పుడొస్తాది షిప్పు!"

గఫూర్ చేతిలో చేపల సంచి కింద పెట్టేశాడు. అప్పటిదాకా పక్కన వల విప్పుకుంటున్న ఇద్దరు కూడా పని ఆపి దగ్గరికొచ్చి గొంతుక్కూచున్నారు. వినేవాళ్ళు పెరిగేసరికి తాతబాబు గొంతు రెండింతలైంది.

"'తెగిన లంగరు'! హీరో డాల్ఫిన్ నోస్ కొండ మీంచి షిప్పులోకి దూకాల. షిప్పేమో పోర్టులోకి ఎలిపోతాంది. అది ఆగితేనే దూకుతానన్నాడు హీరో. నువ్వు దూకితేనే ఆగుతాను అనడానికి షిప్పుకి నోరుందా? కెప్టెన్ని బతిమాలినారు, ఆపనన్నాడు. డైరెక్టర్ గారు నా కేసి సూసినాడు. మాట్లాడలేదు. సూసినాడంతే. నాను ఈదుకుంటా ఎల్లి తాడు ఒక కొస షిప్పుకి కట్టినాను. రెండో కొస కొండకి కట్టినాను. మధ్యలో తాడు పొట్టయిపోయింది! ఏటి సేత్తాను? మధ్యలో నా కాలి బొటనేలు ఎట్టినాను! అటు షిప్పు లాగతంది, ఇటు కొండ లాగతంది, మధ్యలో నా బొటనేలు. షిప్పు ఆగింది. ఆగింది భాయ్! హీరో దూకినాడు. కెప్టెన్ బయటికొచ్చి, 'ఏ దేశం లంగరిది?' అన్నాడు. జాలరిపేట లంగరు అన్నాను."

"మరి కొండ?" అన్నాడు గఫూర్.

"ఎందుకు అడిగినావు? ఆ దెబ్బకి రెండడుగులు సంద్రంలోకి జరిగింది. ముక్కు కొంచెం వంకర పోయింది. పాతోళ్ళకి తెలుసు."

వలవాళ్ళలో ఒకడు "అయ్యబాబోయ్" అని ఇసకలో వెనక్కి పడిపోయాడు. చంద్రిక గడియారం చూసుకుంది. "తాతబాబు గారూ, మధ్యాహ్నంలోగా ఆ మనిషి దొరక్కపోతే వేరేవాళ్ళని పెట్టేస్తారండీ. రేపు పొద్దున్నే షూటింగ్..."

"ఆఖరిది, ఇదొక్కటీ ఇనేసి!" తాతబాబు రెండు చేతులూ పైకెత్తాడు. కళ్ళు మెరుస్తున్నాయి. "పదకొండో సినిమా, 'ఆగిన అల'. తాటిచెట్టంత అల లేవాల, అది విరగబోయే ముందు హీరో మాట్లాడాల, రెండు పేజీల డైలాగు! అల ఆగుతాదా అంత సేపు? మూడు రోజులు సూసినారు. అల లేస్తాంది, హీరో 'అమ్మా' అనీసరికి విరిగిపోతాంది. నాలుగో రోజు నాను మోకాల్లోతు నీళ్ళలో నిలబడి, అల లేసింది సూడు, ఏలు సూపించి 'ఉండవే!' అన్నాను. నిలబడిపోయింది! గాల్లో! హీరో డైలాగు మొత్తం సెప్పినాడు. డైరెక్టర్ గారు కట్ అన్నాడు. అల కదల్లేదు, నాను సెప్పలేదు కదా! యూనిట్ మొత్తం భోజనానికి ఎల్లినారు, అలాగే ఉంది. లోన సేపలు అద్దంలోంచి సూసినట్టు తొంగి సూత్తన్నాయి. నాను నిచ్చెనేసుకుని నాలుగు కోనాం సేపలు, మావిడికాయలు కోసినట్టు కోసుకున్నాను. సాయంత్రం ఐదింటికి 'పోవే ఇంక' అంటే అప్పుడు విరిగింది. డైరెక్టర్ గారు నా రెండు సేతులూ పట్టుకుని, 'తాతబాబూ, పోస్టర్ మీద నీ పేరు ముందేస్తాను, నా పేరు ఎనకేస్తాను' అన్నాడు. ఒద్దు బాబూ, పిల్లలున్నోరు అన్నాను. అందుకే ఈయేళ మళ్ళీ నా కోసం మనిషిని పంపించినాడు. సెప్పమ్మా సెంద్రికా, ఏ షిప్పుని ఆపాల?"

"ఏ షిప్పూ వద్దండీ," అంది చంద్రిక. నవ్వు ఆపుకుంటూనే, ఆయన నొచ్చుకోకుండా చెప్పాలని చూసింది. "నేను వెతికేది మిమ్మల్ని కాదేమోనండీ. 'పదమూడో జెట్టీ'లో మొదటి షాట్ గుర్తుందా? తెల్లవారేసరికి ఒడ్డున ఒక శవం పడుంటుంది. ఆ శవంగా పడుకున్నది ఇక్కడి మనిషేనట. పేరెవరూ రాసిపెట్టలేదు. ఆయన కావాలి సార్‌కి."



"శవమా," అన్నాడు తాతబాబు. కాలు మీంచి కాలు దిగింది. "ఎవులో. బయటూరోడై ఉంటాడు. నాకు తెలీదు."

తాతబాబు నోట అంత పొట్టి మాట జాలరిపేటలో ఎవరూ ఎప్పుడూ వినలేదు. చంద్రిక ఫోన్లో ఫొటో తీసి చూపించింది. తడి ఇసకలో బోర్లా పడుకున్న మనిషి. ముఖం కనబడదు. చొక్కా లేదు. ఎడమ భుజం కింద కొడవలిలా వంగిన పెద్ద మచ్చ.

సీతాలు చెయ్యి కడుక్కుని, చీర కొంగుకి తుడుచుకుని, ఫోన్ తీసుకుని దగ్గరగా చూసింది. తర్వాత మొగుడికేసి చూసింది.

"సొక్కా ఇప్పు మావా."

"ఏటే నీ గోల, అందరి ముందూ..."

"ఇప్పకపోతే మానెయ్యి. ఈ వీపుకి ఇరవయ్యెనిమిదేళ్ళుగా నూని రాత్తన్నాను, నాకు తెలీదేటి?" ఫోన్ చంద్రిక చేతిలో పెట్టింది. "అమ్మా, నువ్వు ఎతుకుతున్న శవం ఇదిగో. టీ తాగతాంది."

సింహాద్రి తాగుతున్న టీ ముక్కులోంచి వచ్చింది. వలవాళ్ళు ఇసక కొట్టుకుంటూ నవ్వారు. గఫూర్ కళ్ళు తుడుచుకుని, "షిప్పుని బొటనవేలితో ఆపినోడివి, శవం వేషం కట్టానని చెప్పడానికి ఏమొచ్చింది భాయ్!" అన్నాడు.

తాతబాబు నవ్వలేదు. గ్లాసు బెంచీ మీద పెట్టాడు.

"అమ్మకి మాటిచ్చినాను," అన్నాడు. "ఎవులికీ సెప్పనని."

నవ్వులు ఒక్కొక్కటీ ఆగాయి.

"ఆ పొద్దు శవం వేషం కట్టడానికి ఒకాయన ఒచ్చినాడు. తడిసిన ఇసక, పీతలు, సలి. తొంగోను పొమ్మన్నాడు. మావోళ్ళని అడిగితే ఎవులు ఒప్పుకుంటారు? సంద్రం మీద బతికే మనుసులు అలాగ తొంగుంటారేటి? నాను కుర్రతనం, సినిమాలో పడతానన్న సరదా. సొక్కా ఇప్పి తొంగున్నాను. మూడు సార్లు నానే పాడుసేసినాను, మధ్యలో 'బాగా ఒచ్చిందా బాబూ' అని అడిగీసి. నాలుగోసారి ఊపిరి బిగబట్టి ఉన్నాను. అప్పుడు అమ్మ ఒచ్చింది. సేపల బుట్ట నెత్తినెట్టుకుని అటుకేసి ఎల్తాంది. సుట్టూ జనం, మధ్యలో నా వీపు. మచ్చ సూసింది. మా నాన్న నా ఆరో ఏట సంద్రంలోకెల్లి మరి రాలేదు. బుట్ట పడేసి లగెత్తుకొచ్చింది. ఆ కేక... నాను లేసి 'అమ్మా, ఉన్నానే, ఇది సినిమా' అంటన్నాను. ఆవిడికి ఇనపడదు. నా ముఖం, సేతులు, కాళ్ళు తడిమి తడిమి సూసుకుంది. అప్పుడు రెండు సెంపలూ వాయించింది."

సీతాలు స్టవ్ తగ్గించింది.

"కెమెరా తిరగతానే ఉందంట. అదంతా పడిపోయింది అందులో. యూనిట్‌లో ఒకాయన, 'సార్, ఇలాటి ఏడుపు ఎన్ని కోట్లిచ్చినా రాదు, ఉంచీద్దాం' అన్నాడు. మీ సారు అమ్మ ముందే ఆ ముక్క కోయించీసినాడు. 'అది సినిమా కాదు, ఆవిడ ప్రాణం' అన్నాడు. అమ్మ కాళ్ళకి దండం పెట్టినాడు. అప్పుడు అమ్మ నా సేత ఒట్టేయించుకుంది, ఇంక నాను బతికుండగా ఆ మాట ఎవులి కాడా ఎత్తొద్దని. అందుకే ఎత్తలేదు. కానీ ఆయన సినిమా ఒచ్చినప్పుడల్లా ఏదోటి సెప్పాలనిపిస్తాది. సెప్పకూడనిది ఒక్కటీ ఒగ్గేసి మిగతాయన్నీ సెప్తాను."

చంద్రిక ఫోన్‌కేసే చూసింది. "సార్ మాకెప్పుడూ ఈ సంగతి చెప్పలేదండీ. ఆయనకి ఒంట్లో బాగుండటం లేదు, ఇదే ఆఖరి సినిమా అంటున్నారు. అందులో చివరి షాట్ ఇదే ఒడ్డు. ఒక పెద్దాయన కూర్చుని సముద్రం చూస్తుంటారు. 'ముప్పై ఏళ్ళ కింద ఆ మనిషిని బోర్లా పడుకోబెట్టాను. ఈసారి లేపి కూర్చోబెట్టాలి, ముఖం చూపించాలి' అన్నారు. వేరేవాళ్ళని పెట్టడం ఆయనకి అస్సలు ఇష్టం లేదు."

"అమ్మకి మాటిచ్చినాను," అన్నాడు తాతబాబు మళ్ళీ.

సీతాలు వచ్చి పక్కన కూచుంది. "అత్త నాకూ సెప్పింది ఆ పొద్దు సంగతి. పోయే ముందు కూడా తలుసుకుంది. సచ్చిన కొడుకుని సూడలేకే కదా మావా ఒద్దంది? బతికున్నోడిని సూపిత్తామంటే ఎందుకొద్దంటాదీ?"

తాతబాబు ఇసకకేసి చూశాడు. తర్వాత గడ్డం తడుముకున్నాడు. "ముఖమంటే... గీసుకోవాలేటి?"

"వద్దండీ, ఇలాగే బాగుంటారు," అంది చంద్రిక. ఆ పిల్ల కళ్ళలో నీళ్ళున్నాయి.

"డైలాగులు ఎన్ని పేజీలు?"

"డైలాగులు లేవండీ. మూడు నిమిషాలు సముద్రాన్ని చూస్తూ కూర్చోవాలి. ఒక్క మాట కూడా మాట్లాడకూడదు."

గఫూర్ గుండె మీద చెయ్యి పెట్టుకున్నాడు. "యా అల్లా! ఉదయ్‌కుమార్ సినిమాలన్నీ చూశాను. ఇంత సస్పెన్సు ఎందులోనూ లేదు!"

ఈసారి అందరికంటే ముందు తాతబాబే నవ్వాడు. నవ్వి, చొక్కా సర్దుకుని, "నవ్వండి, నవ్వండి. ఇప్పుడే సూపిత్తాను. బావా, టైమ్ ఎట్టు," అన్నాడు సింహాద్రితో.

బెంచీ మీద సముద్రం వైపు తిరిగి కూచున్నాడు. చేతులు మోకాళ్ళ మీద పెట్టుకున్నాడు. పెదాలు బిగించాడు. దూరంగా పోర్టుకేసి ఒక షిప్పు నెమ్మదిగా పోతోంది, ఎవరూ ఆపకుండా. అలలు వాటి మానాన అవి విరుగుతున్నాయి. అతని కళ్ళు ఆ నీళ్ళలో ఎక్కడో ఆగాయి. సీతాలు పొంగుతున్న పాలు దించడం కూడా మర్చిపోయి మొగుడి ముఖంకేసి చూస్తూ ఉండిపోయింది.

తాతబాబు గట్టిగా ఊపిరి వదిలి ఇటు తిరిగాడు.

"సూసినారా? మూడు నిమిషాలు! మధ్యలో సంద్రం కూడా నన్ను సూసి నోరు మూసుకుంది! ఎంతయింది బావా?"

సింహాద్రి ఫోన్ చూశాడు.

"నలభై సెకన్లు, బావా."